కుర్చీ కోసం గ్రంథాలయానికి వచ్చేవారు

తిరుపతిలో గ్రంథాలయం ఎంతగా మారిందో తెలుసుకోవాలంటే ముందుగా పఠన మందిరంలోని కుర్చీల్లో ఎవరు కూర్చుని ఉన్నారో చూడాలి. తలుపు తెరవకముందే సంచులతో మెట్ల మీద ఎదురుచూసే యువతీయువకులు తాళం తీయగానే తమకు అలవాటైన చోటికి వెళ్లి, సంచిలోంచి తమ పుస్తకాలు తామే తీసుకుని, మంచినీళ్ల సీసా పక్కన పెట్టుకుని, మూసే వేళ దాకా తల ఎత్తకుండా చదువుతారు. దినపత్రికల బల్ల చుట్టూ పదవీ విరమణ చేసిన పెద్దవారు నలుగురైదుగురు ఉంటారు. ఒకే పత్రికను పేజీలు విడదీసి పంచుకుని చదువుకోవడం వారికి ఏనాటి నుంచో ఉన్న అలవాటు. బీరువాల వైపు వెళ్లేవారు తక్కువ. ధరావతు కట్టి సభ్యులై, ఇంటికి పుస్తకం తీసుకువెళ్లేవారు ఇంకా తక్కువ. ఇప్పుడు మన గ్రంథాలయం ఎక్కువగా అరువిస్తున్నది కుర్చీని, దానితోపాటు ఫ్యానునూ, వెలుతురునూ, నిశ్శబ్దాన్నీ.

ఈ మార్పును చూసి బాధపడే మిత్రులు నాకు చాలామంది ఉన్నారు. నవలలూ కథాసంపుటాలూ వారపత్రికల బైండు పుస్తకాలూ చదివి పెరిగిన తరం వారిది. గ్రంథాలయం పోటీ పరీక్షల హాలుగా మారిపోయిందనీ, సాహిత్యానికి అక్కడ చోటు లేకుండా పోయిందనీ వారు అంటారు. ఆ మాటలో కొంత నిజం ఉంది, దాని సంగతి తర్వాత రాస్తాను. నా అభిప్రాయం మాత్రం వేరు. ఈ యువతీయువకులే రాకపోయి ఉంటే మన శాఖా గ్రంథాలయాల్లో చాలావాటికి ఈపాటికే తాళాలు పడి ఉండేవి. ఉదయం తలుపు తీయడానికీ, కరెంటు బిల్లు కట్టడానికీ, ఇక్కడికి మనుషులు వస్తున్నారని పై అధికారులకు చూపించుకోవడానికీ వాళ్లే ఆధారమయ్యారు. వాళ్లు రావడాన్ని తప్పుపట్టడం కన్నా, వాళ్లు కాక ఇంకెవరు రావాలి, ఎందుకు రాలేకపోతున్నారు అని అడగడం మేలని నాకు అనిపిస్తుంది.

తిరుపతి పరీక్షల ఊరు. చిత్తూరు, కడప, నెల్లూరు వైపు పల్లెల నుంచి డిగ్రీ చదువుకు వచ్చినవారు చదువు పూర్తయ్యాక కూడా ఇక్కడే గది తీసుకుని, గ్రూప్స్‌కో, డీఎస్సీకో, కానిస్టేబులు ఉద్యోగానికో, బ్యాంకు పరీక్షకో తయారవుతూ ఉంటారు. 2019లో గ్రామ, వార్డు సచివాలయాల కోసం ఒకేసారి లక్షకు పైగా ఉద్యోగాలు ప్రకటించినప్పుడు ఊళ్లో కూర్చోవడానికి నీడ ఉన్న చోటల్లా చదివేవారే కనిపించారు. 2025లో 16,347 ఉపాధ్యాయ పోస్టులకు మెగా డీఎస్సీ ప్రకటన వెలువడినప్పుడూ అదే పరిస్థితి. ప్రకటన వచ్చిన వారానికల్లా పఠన మందిరం నిండిపోతుంది. పరీక్ష అయిపోయాక కొన్నాళ్లు ఖాళీగా ఉండి, మళ్లీ ఇంకో ప్రకటనతో నిండుతుంది. ఈ రద్దీని చూసి ఊళ్లో ప్రైవేటు స్టడీ హాళ్లు కూడా వెలిశాయి. ఏసీ, వైఫై, నెలకింత అద్దె, మనిషికొక చెక్క గడి. ఆ అద్దె కట్టగలిగినవారు అక్కడికి వెళతారు, కట్టలేనివారికి ప్రభుత్వ గ్రంథాలయమే దిక్కు.

పాకాల వైపు పల్లె నుంచి రోజూ బస్సులో వచ్చే ఒక అమ్మాయిని, ఇంత దూరం రావడం కష్టం కదమ్మా, ఇంట్లో చదువుకోవచ్చు కదా అని ఒకసారి అడిగాను. ‘‘ఇంట్లో ఉంటే చదవను కుదర్దు సార్. ఎవురో ఒకరు వస్తా ఉంటారు, ఏదో ఒక పని చెప్తా ఉంటారు. ఈడ కూసుంటే చదువుకుంటా ఉంది కదా అని ఎవురూ పలకరించరు’’ అంది. రెండు గదుల ఇంట్లో, టీవీ ఉన్న గదిలోనే అందరూ పడుకోవలసిన ఇంట్లో, వయసు వచ్చిన ఆడపిల్ల గంటల తరబడి పుస్తకం ముందు కూర్చుంటే ఇరుగుపొరుగు ఏమంటారోనని తల్లిదండ్రులు సంకోచించే ఇంట్లో, చదువుకోవడానికి తనకంటూ చోటు దొరకడం చిన్న విషయం కాదు. ఆ చోటు ఉచితంగా దొరకడం, అక్కడ ‘ఎందుకొచ్చావు, ఏం కొంటావు’ అని ఎవరూ అడగకపోవడం, పక్కన తనలాంటివారు మరికొందరు ఉండడం ఆమెకు ఎంతో ముఖ్యం. ఆ అమ్మాయి గ్రంథాలయం నుంచి ఒక్క పుస్తకమైనా అరువు తీసుకోకపోయి ఉండవచ్చు. అంతమాత్రాన గ్రంథాలయం ఆమెకు సేవ చేయలేదని నేను అనలేను.

గ్రంథాలయమంటే మొదటి నుంచీ పుస్తకాల బీరువాలే అనుకోవడం మన చరిత్ర ప్రకారం కూడా సరికాదు. తెలుగునాట గ్రంథాలయోద్యమం సాగిన తీరు చూస్తే ఇది స్పష్టమవుతుంది. 1914లో విజయవాడలో ఆంధ్రదేశ గ్రంథాలయ సంఘం ఏర్పడే నాటికి ఊళ్లలో అక్షరం వచ్చినవారే కొద్దిమంది. అయ్యంకి వెంకట రమణయ్య వంటివారు అక్షరం రాని ఊళ్లలో గ్రంథాలయం పెట్టమని ఊరూరా తిరిగి చెప్పారంటే, ఎవరికి వారు మౌనంగా చదువుకోవడం ఒక్కటే వారి మనసులో ఉండి ఉండదు. సాయంత్రం ఒకరు పత్రిక చదివి వినిపిస్తే పదిమంది చుట్టూ చేరి వినేవారు. రాత్రి బడులు నడిచేవి. ఉపన్యాసాలు, హరికథలు, భజనలు జరిగేవి. రచ్చబండ మీద జరిగే మాటలకు ఒక పైకప్పు, కొన్ని పుస్తకాలు, ఒక పత్రిక తోడైతే ఎలా ఉంటుందో ఆనాటి పల్లె గ్రంథాలయం అలా ఉండేది. 1908లోనే పత్రికలో రాసిన రాతలకు జైలుకు వెళ్లిన గాడిచర్ల హరిసర్వోత్తమరావు తన జీవితంలో పెద్ద భాగాన్ని గ్రంథాలయాలకూ వయోజన విద్యకూ కేటాయించారు. ఈ రెంటినీ ఆయన వేరువేరు పనులుగా చూడలేదు. ఆయన మన రాయలసీమ మనిషి, కర్నూలువారు అన్న సంగతి మన పిల్లలకు చెప్పవలసినంతగా చెప్పడం లేదు. గ్రంథాలయోద్యమం అనగానే కృష్ణా, గుంటూరు జిల్లాల కథే వినిపిస్తుంది. వేటపాలెంలో 1918 నుంచి ఉన్న సారస్వత నికేతనం గ్రంథాలయం గురించి తెలిసినవారికి కూడా ఇటువైపు ఊళ్లలో ఎవరెవరు ఏం చేశారో తెలియదు. మా జిల్లా ఊళ్లలో ఆ చరిత్రను సేకరించే పని ఎవరైనా పట్టుదలగా చేపడితే బాగుంటుంది.

మనుషులు గ్రంథాలయానికి రాలేనప్పుడు గ్రంథాలయమే మనుషుల దగ్గరికి వెళ్లాలన్న ఆలోచన కూడా ఆ రోజుల్లోనే పుట్టింది. పాతూరి నాగభూషణం 1935లో కాలువలో పడవ మీద గ్రంథాలయం నడిపారు. గట్టున ఉన్న ఊళ్లవారు పడవ ఆగినప్పుడు వచ్చి పుస్తకాలు మార్చుకునేవారు. అంతకు కొద్దికాలం ముందు, 1931లో, తమిళ నాట మన్నార్‌గుడి ప్రాంతంలో ఎద్దుబండి మీద పుస్తకాలు పల్లెలకు వెళ్లాయి. మద్రాసు విశ్వవిద్యాలయ గ్రంథపాలకులుగా ఉన్న ఎస్.ఆర్. రంగనాథన్ ప్రోత్సాహం దాని వెనుక ఉంది. అదే సంవత్సరం ఆయన గ్రంథాలయ శాస్త్రానికి ఐదు సూత్రాలను ప్రకటించారు. పుస్తకాలు ఉపయోగించడానికే అన్నది అందులో మొదటిది. గ్రంథాలయం పెరిగే ప్రాణి అన్నది చివరిది. పెరిగే ప్రాణి అన్నప్పుడు రూపం మారుతుందన్న అర్థం కూడా అందులోనే ఉంది.

రంగనాథన్‌ను మన జిల్లాకు సంబంధం లేని మనిషిగా చూడనవసరం లేదు. ఆయన కృషి ఫలితంగా 1948లో వచ్చిన మద్రాసు పౌర గ్రంథాలయాల చట్టం స్వతంత్ర భారతంలో అటువంటి మొదటి చట్టం. తిరుపతి కూడా కలిసి ఉన్న చిత్తూరు జిల్లా అప్పుడు మద్రాసు రాష్ట్రంలోనే ఉంది కాబట్టి ఆ చట్టం మనకూ వర్తించింది. తర్వాత 1960లో ఆంధ్రప్రదేశ్ చట్టం వచ్చింది. దాని కింద జిల్లా గ్రంథాలయ సంస్థలు, జిల్లా కేంద్ర గ్రంథాలయాలు, శాఖా గ్రంథాలయాలు, చిన్న పల్లెల్లో కొన్ని పుస్తకాలు ఉంచి చదువుకోవడానికి ఇచ్చే పుస్తక నిక్షిప్త కేంద్రాలు అన్న అమరిక స్థిరపడింది. చదువుకునే హక్కుకు చట్టం చేసి, దానికి ప్రత్యేకంగా పన్ను విధించిన రాష్ట్రాలు అప్పట్లో దేశంలో వేళ్ల మీద లెక్కపెట్టదగినన్ని మాత్రమే.

పుస్తకాలు ఉపయోగించడానికే అన్న సూత్రం చదివినప్పుడల్లా నాకు తిరుమల సంకీర్తనా భండారం గుర్తుకు వస్తుంది. తాళ్లపాకవారి సంకీర్తనలను రాగిరేకుల మీద చెక్కించి ఆలయంలోనే ఒక అరలో భద్రపరిచారు. అంతకన్నా పటిష్ఠమైన భద్రత ఉండదు. అగ్గికీ చెదకూ లొంగని రాగి, దేవుని సన్నిధి, రాతి అర. అయినా శతాబ్దాల పాటు వాటిని చదివేవారు లేక, అందులో ఏముందో లోకానికి తెలియలేదు. 20వ శతాబ్దపు తొలి దశాబ్దాల్లో అవి వెలుగులోకి వచ్చాక, వేటూరి ప్రభాకరశాస్త్రి, రాళ్లపల్లి అనంతకృష్ణశర్మ వంటి పండితులు రేకుల ముందు కూర్చుని, చదివి, పరిష్కరించి అచ్చుకు ఇచ్చాకే అన్నమయ్య మళ్లీ జనం నోటికి వచ్చాడు. దాచడం ఎంత అవసరమో ఆ రేకులే చెబుతాయి. దాచినదాన్ని బయటకు తీసి మనిషి చేతికి అందించేవారు లేకపోతే ఏమవుతుందో కూడా అవే చెబుతాయి. 1939లో దేవస్థానం స్థాపించిన ప్రాచ్య పరిశోధన సంస్థ తర్వాత శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయంలో భాగమైంది. అక్కడి తాళపత్రాల విషయంలోనూ నా ఆశ ఇదే: వాటిని చూడగలవారి సంఖ్య ఏటేటా పెరగాలి.

ఇక్కడ తిరుపతికే ప్రత్యేకమైన ఒక సంగతి చెప్పాలి. ఇంత చిన్న నగరంలో ఇన్ని పెద్ద గ్రంథాలయాలు ఉండడం అరుదు. 1954లో ఏర్పడిన శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం, 1983 నాటి పద్మావతి మహిళా విశ్వవిద్యాలయం, సంస్కృత విశ్వవిద్యాలయం, వేద విశ్వవిద్యాలయం, పశువైద్య విశ్వవిద్యాలయం, వైద్య కళాశాల, 2015లో వచ్చిన ఐఐటీ, విజ్ఞానశాస్త్ర విద్యా పరిశోధన సంస్థ ఐసర్, వీటన్నింటికీ సొంత గ్రంథాలయాలు ఉన్నాయి. ఒక్కొక్క దానిలో ఉన్న పుస్తకాలను చూస్తే ఊరికి ఇంకేం కావాలి అనిపిస్తుంది. అయితే ఆ తలుపులన్నీ గుర్తింపు కార్డు ఉన్నవారికే తెరుచుకుంటాయి. గాంధీ రోడ్డులో బట్టల దుకాణంలో పనిచేసే కుర్రవాడికీ, పూలు కట్టి అమ్మే అమ్మకూ, రేణిగుంట వైపు ఆటో నడిపే మనిషికీ, లాడ్జీలో రాత్రి డ్యూటీ చేసి పగలు పరీక్షకు చదువుకునే యువకుడికీ తెరిచి ఉన్నది పౌర గ్రంథాలయం ఒక్కటే. ఊళ్లో అందరికన్నా తక్కువ డబ్బు, తక్కువ సిబ్బంది, తక్కువ కొత్త పుస్తకాలు ఉన్నది కూడా దానికే. విశ్వవిద్యాలయాలు తమ పఠన మందిరాల్లో ఒకదాన్నయినా, సెలవు రోజుల్లోనైనా, ఊరివారికి తెరిస్తే వాటికి కలిగే నష్టం ఏమిటో నాకు అర్థం కాదు. భద్రత గురించి అభ్యంతరం చెబుతారు. కొండకు నిత్యం వేలాదిమందిని పంపి క్షేమంగా దింపే ఊళ్లో, యాభై మంది చదువరులకు కార్డులు రాసి లోపల కూర్చోబెట్టడం సాధ్యం కాని పనేమీ కాదు.

ఫోను వచ్చాక గ్రంథాలయంతో పనేముంది అని అడిగేవారికి కూడా జవాబు చెప్పాలి. సమాచారం కోసం గ్రంథాలయానికి వెళ్లవలసిన అవసరం చాలావరకు తగ్గింది, అది మంచిదే. తిరుమల తిరుపతి దేవస్థానం తన ప్రచురణలు ఎన్నింటినో ఉచితంగా అంతర్జాలంలో పెట్టింది. ఖరగ్‌పూర్ ఐఐటీ నడిపే జాతీయ డిజిటల్ గ్రంథాలయం ఉంది. తెలుగు వికీసోర్స్‌లో స్వచ్ఛంద సేవకులు పాత పుస్తకాలను అక్షరం అక్షరం సరిచూసి ఉంచుతున్నారు. ఒకప్పుడు ఒక పాత కావ్య ప్రతి కోసం మద్రాసు దాకా వెళ్లినవారు ఇప్పుడు దాన్ని ఇంట్లోనే చదువుకోగలరు. ఇవి నిజంగా గొప్ప పనులు. అయినా వీటిని వెతికి పట్టుకోవడం తెలిసినవారు కొందరే. అవి ఉన్నాయన్న సంగతే తెలియనివారు అనేకులు. డేటా కార్డు అయిపోతే మళ్లీ వేయించుకోవడానికి ఆలోచించవలసినవారు ఇంకా ఉన్నారు.

అంతకన్నా ముఖ్యంగా, ఇప్పుడు జీవితంలోని అన్ని పనులూ ఫోనులోకి, కంప్యూటరులోకి వెళ్లాయి. ఉద్యోగ దరఖాస్తు, హాల్ టికెట్, పింఛను వివరాలు, ఆదాయ ధ్రువపత్రం, భూమి పత్రాలు, ఆసుపత్రిలో అపాయింట్‌మెంట్, చివరికి స్వామి దర్శనం టికెట్ కూడా. 2025 జనవరిలో ప్రభుత్వం మనమిత్ర పేరుతో వాట్సాప్‌లోనే సేవలు అందించడం మొదలుపెట్టింది. చదువు, ఫోను రెండూ బాగా వచ్చినవారికి ఇది సౌకర్యమే. రానివారి సంగతి ఏమిటి? వారు పక్కింటి పిల్లవాడిని బతిమాలుకోవాలి, లేదా నెట్ సెంటరులో ఒక్కొక్క కాగితానికి ఇంత అని ఇచ్చుకోవాలి. అక్కడ తమ ఆధార్ నంబరు, ఫోనుకు వచ్చిన ఓటీపీ ఎవరికి చెబుతున్నారో తెలియని పరిస్థితి. వందేళ్ల కిందట పల్లె గ్రంథాలయంలో ఒకరు పత్రిక చదివి పదిమందికి వినిపించినట్టే, ఇవాళ తెర మీది అక్షరాన్ని చదివి విడమరచి చెప్పే నమ్మకమైన మనిషి కావాలి. రెండు కంప్యూటర్లు, ఒక ప్రింటర్, డబ్బు అడగని ఒక సిబ్బంది ఉన్న గ్రంథాలయం ఈ పనిని ఎంతో గౌరవంగా చేయగలదు. సచివాలయాలు ఉన్నాయి కదా అని అనవచ్చు. సచివాలయంలో మన కాగితం మీద నిర్ణయం తీసుకునేవారు ఉంటారు. గ్రంథాలయంలో ఉండేవారికి మన కాగితంతో ఏ లాభనష్టాలూ ఉండవు కాబట్టి, తెలియదని ఒప్పుకుని అడగడానికి సామాన్యులకు అక్కడ జంకు తక్కువ.

ఇప్పుడు రానివారి సంగతి. అందరికన్నా ముందు చెప్పవలసింది పిల్లల గురించి. ఏటా వేసవిలో గ్రంథాలయాల్లో విజ్ఞాన శిబిరాలు జరుగుతాయి. కథలు చెప్పిస్తారు, బొమ్మలు వేయిస్తారు, పుస్తకాలు చదివిస్తారు. ఆ కొద్ది వారాల్లో గ్రంథాలయం గొంతు మారిపోతుంది. బడులు తెరిచాక పిల్లలు మాయమవుతారు. కారణం పిల్లలకు పుస్తకాల మీద ఆసక్తి లేకపోవడమని నేను నమ్మను. పరీక్షలకు చదివే పెద్దల మధ్య పిల్లలు గలగలమంటే కసురుకుంటారు. పిల్లలకు విడిగా గది లేదు. వాళ్ల ఎత్తుకు సరిపోయే అరలు లేవు. బొమ్మల పుస్తకాలు చిరిగిపోతాయని తాళం వేసి ఉంచుతారు. నిశ్శబ్దంగా కూర్చోవలసినవారికీ, బిగ్గరగా చదివి నేర్చుకోవలసినవారికీ ఒకే గది ఇస్తే, ఓడిపోయేది ఎప్పుడూ పిల్లలే. సాహిత్య మిత్రుల బాధలో నిజం ఉందని మొదట్లో అన్నది ఇందుకే. పఠన మందిరం మొత్తాన్ని ఒకే అవసరానికి వదిలివేస్తే, పదేళ్ల తర్వాత కథల పుస్తకం అడిగే పాఠకుడు తయారుకాడు.

చెన్నైలో 2010లో తెరిచిన అన్నా శతజయంతి గ్రంథాలయాన్ని చూసినప్పుడు ఈ చిక్కుకు పరిష్కారం ఎంత సులువో తెలిసింది. అక్కడ సొంత పుస్తకాలు తెచ్చుకుని చదువుకునేవారికి ఒక విభాగం, పిల్లలకు వేరే విభాగం, చూపు లేనివారికి బ్రెయిలీ విభాగం, పోటీ పరీక్షల పుస్తకాలకు మరొకటి ఉన్నాయి. ఎవరి అవసరాన్నీ తక్కువ చేయలేదు, ఒకరి అవసరం మరొకరి మీద పడకుండా గోడలు కట్టారంతే. 2023లో మదురైలోనూ అటువంటి పెద్ద గ్రంథాలయం తెరిచారు. 2018లో ఫిన్లాండు రాజధాని హెల్సింకిలో తెరిచిన గ్రంథాలయంలో కుట్టుమిషన్లు కూడా ఉన్నాయని చదివినప్పుడు కొందరు ఆశ్చర్యపోయారు. మన ఊళ్లో కుట్టుపని నేర్చుకుని బతికే ఆడవారు ఎంతమంది ఉన్నారో తెలిసిన నాకు అది ఆశ్చర్యంగా అనిపించలేదు. మనకు తొమ్మిది అంతస్తుల భవనం కావాలని నేను అడగడం లేదు. ఉన్న భవనంలోనే ఒక గదిని పిల్లలకు కేటాయించడానికి పెద్ద డబ్బు అక్కరలేదు.

భాష సంగతి కూడా మా ఉమ్మడి చిత్తూరు జిల్లాలో ప్రత్యేకమైనది. 1960లో తిరుత్తణి ప్రాంతం మద్రాసు రాష్ట్రానికి వెళ్లాక కూడా సరిహద్దు ఇటువైపు నగరి, సత్యవేడు వంటి చోట్ల ఇంట్లో తమిళం మాట్లాడి, బడిలో తెలుగు చదివే కుటుంబాలు ఉన్నాయి. కుప్పం వైపు తెలుగు, తమిళం, కన్నడం మూడూ ఒకే సంతలో వినిపిస్తాయి. అక్కడ 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయాన్ని ఊరికే పెట్టలేదు. చిత్తూరు, తిరుపతి పట్టణాల్లో ఉర్దూ చదివే పెద్దవారు ఉన్నారు. ఆ ఊళ్ల గ్రంథాలయాల్లో ఆ ఊరి భాషలన్నింటికీ అరలు ఉండాలి. ఏ భాష పాఠకుడికి తన భాష పుస్తకం కనిపించలేదో, ఆ పాఠకుడు రెండోసారి రాడు.

ఇంట్లోనే ఉండే ఆడవారు, నడవలేని వృద్ధులు కూడా రానివారి జాబితాలోనే ఉన్నారు. వారి కోసం పడవలూ ఎద్దుబండ్లూ అవసరం లేదు. వారానికి ఒకసారి వీధి చివర ఆగే ఒక చిన్న ఆటో చాలు. పొదుపు సంఘాల సమావేశాల్లో యాభై పుస్తకాల పెట్టె ఒకటి ఉంచినా చాలు. పుస్తక నిక్షిప్త కేంద్రం అన్న ఏర్పాటు ఉద్దేశం కూడా ఇదే. ఆ ఏర్పాటును మళ్లీ బతికించడానికి కొత్త పథకం కనిపెట్టవలసిన పని లేదు.

డబ్బు ఎక్కడిది అన్న ప్రశ్నకు జవాబు మన ఇంట్లోనే ఉంది. ఇంటి పన్ను నోటీసు తీసి చూస్తే అందులో గ్రంథాలయ సెస్సు అని ఒక గడి ఉంటుంది. పన్నులో రూపాయికి 8 పైసలు గ్రంథాలయాల కోసం మనం విడిగా కడుతున్నాం. 5,000 రూపాయల పన్ను కట్టే ఇల్లు ఏటా 400 రూపాయలు గ్రంథాలయానికి ఇస్తున్నట్టు. ఆ ఇంట్లో ఎవరూ గ్రంథాలయం గడప తొక్కకపోయినా ఆ డబ్బు వెళ్లవలసిందే, వెళ్లడం న్యాయమే. అయితే స్థానిక సంస్థలు వసూలు చేసిన సెస్సు గ్రంథాలయ సంస్థలకు సకాలంలో జమ కావడం లేదన్న వార్త రాష్ట్రమంతటా ఏళ్ల తరబడి పత్రికల్లో వస్తూనే ఉంది. ఇది ఏ ఒక్క ఊరి సమస్యా కాదు. తాము కట్టిన పన్ను ఏమైందని వార్డు సమావేశాల్లో రోడ్డు గురించీ కాలువ గురించీ అడిగేవారు, గ్రంథాలయ సెస్సు గురించి కూడా అడగాలి. పుస్తకాల విషయానికి వస్తే, కోల్‌కతాలో 1972 నుంచి ఉన్న రాజా రామమోహన్ రాయ్ గ్రంథాలయ సంస్థ రాష్ట్రాల వాటాకు తన వాటా కలిపి పుస్తకాలు అందిస్తుంది. రాష్ట్రం వాటా సిద్ధంగా ఉంటేనే ఆ పుస్తకాలూ వస్తాయి.

డబ్బు కన్నా పెద్ద కొరత మనిషిది. శిక్షణ పొందిన గ్రంథపాలకుడు పదవీ విరమణ చేస్తే ఆ ఖాళీ అలాగే ఉండిపోయి, ఒకరే రెండు మూడు శాఖలను చూసుకోవలసి రావడం, తలుపు తీసి పత్రికలు సర్ది వెళ్లడానికే ఆ మనిషి సమయం సరిపోవడం మామూలైపోయింది. ఫలానా పుస్తకం బాగుంటుంది నాయనా, ఇది తీసుకెళ్లు అని చెప్పేవారు లేని చోట బీరువాలు ఎన్ని ఉన్నా ప్రయోజనం తక్కువ. పరీక్షకు చదువుతూ అలసిపోయిన ఒక యువకుడి చేతిలో మన జిల్లా కథకుల పుస్తకం ఒకటి పెట్టే మనిషి ఉంటే, ఆ యువకుడు ఉద్యోగం వచ్చాక కూడా గ్రంథాలయానికి వస్తాడు. కుర్చీ కోసం వచ్చినవారిని పుస్తకం దాకా తీసుకెళ్లే దారి అదొక్కటే. యంత్రాలు ఎన్ని పెట్టినా ఆ పని వాటివల్ల కాదు.

మా వీధిలో కొందరం కలిసి ఒక వినతిపత్రం తయారుచేస్తున్నాం. అందులో భవనాలు అడగడం లేదు. పరీక్షలకు చదివేవారి కోసం పఠన మందిరం రాత్రి పొద్దుపోయే దాకా తెరిచి ఉంచాలని, ఆడపిల్లలు ఆ వేళలో తిరిగి వెళ్లడానికి వీధి దీపాలు వెలిగేలా చూడాలని, కనీసం ఆదివారాల్లో ఒక గదిని పూర్తిగా పిల్లలకు వదలాలని, దరఖాస్తులు నింపడంలో సహాయపడే కంప్యూటరు బల్ల ఒకటి ఏర్పాటు చేయాలని, ఖాళీగా ఉన్న గ్రంథపాలకుల పోస్టులు నింపాలని కోరుతున్నాం. నవంబరు 14 నుంచి 20 వరకు జరిగే గ్రంథాలయ వారోత్సవాలకు అధికారులు, ప్రజాప్రతినిధులు వస్తారు కాబట్టి, అంతకుముందే అది వారి చేతికి అందేలా చూస్తాం. తిరుపతి, చిత్తూరు పట్టణాల్లోనూ చుట్టుపక్కల మండలాల్లోనూ ఉన్న మిత్రులు సంతకం చేయదలిస్తే, తమకు దగ్గరలోని శాఖా గ్రంథాలయం ఏ వేళల్లో తెరిచి ఉంటోంది, అక్కడ పిల్లల పుస్తకాలు ఏ బీరువాలో ఉన్నాయి, ఆ బీరువా తాళం ఎవరి దగ్గర ఉంది అన్న వివరాలు కూడా కనుక్కుని రాసి పంపితే, వాటిని వినతిపత్రానికి జతచేస్తాం.